లారీకి మొదట అడ్డం కూర్చున్నదెవరు?

కోర్టు బంట్రోతు వరండాలోకి వచ్చి పెద్దకోడలి పేరు గట్టిగా పిలిచాడు. బెంచీల మీదా, మెట్ల మీదా, గోడల వారనా సర్దుకుని కూర్చున్న సీసాల షెడ్డు ఆడవాళ్ళందరూ ఆ పిలుపు విన్నారు. ఒక్కరూ కదల్లేదు. రెండోసారి పిలిచాడు. పక్కనే ఉన్న చిన్నకోడలు లేవబోయింది. పెద్దకోడలు ఆమె చెయ్యి పట్టి కిందికి లాగి, "కూర్చోవే, నీకు తెలీదు" అని పళ్ళు కొరికింది. మూడోసారి కూడా పిలిచి బంట్రోతు లోపలికి వెళ్ళిపోయాడు.

లోపల కాంట్రాక్టరు వకీలు నాలుగు ముక్కలు మాట్లాడాడు. జడ్జిగారు రెండు ముక్కలు రాయించారు. కేసు తేలిపోయింది. ఎవరి గురించి తేల్చారో వాళ్ళు గుమ్మం అవతలే కూర్చుని ఉన్నారు. వాళ్ళని ఒక్క మాట అడిగిన పాపాన ఎవరూ పోలేదు.

వీళ్ళకి చెవుడా, భయమా అంటారేమో. రెండూ కాదు. సీసాలు కడిగే షెడ్డులో సాయంత్రం పూట మేస్త్రీ ఎవరి పేరు పిలిస్తే వాళ్ళకి ఆ రోజుతో పని సరి. సీసాలు కడిగే కాస్టిక్ సోడా నీళ్ళు మరిగే ఆవిరికి అందరూ తలకీ మూతికీ గుడ్డలు చుట్టుకుంటారు. కళ్ళు తప్ప ఏమీ కనపడవు కనక ఎవరు ఎవరో మేస్త్రీకి తెలిసి చావదు. అందుకని పెద్దకోడలు ఒక ఉపాయం కనిపెట్టింది. ఎవరి పేరు పిలిచినా ఎవరూ పలకకూడదు. మేస్త్రీ గొంతు పగిలేలా అరిచి, తిట్టి, పోయేవాడు. ఆ ఉపాయంతో ఎందరి పని నిలబడిందో షెడ్డంతటికీ తెలుసు. ఆ తెలివికే ఆమెను నెత్తిన పెట్టుకున్నారు. ఇన్నాళ్ళూ కాపాడిన ఉపాయం కోర్టులో నిలువునా ముంచింది.

అసలు గొడవ అత్త చేతులతో మొదలైంది. అత్తకీ, ఇద్దరు కోడళ్ళకీ ఆ షెడ్డులోనే పని. సోడా తొట్టి అంచు విరిగిందని నెత్తీ నోరూ కొట్టుకున్నా ఎవరూ బాగు చేయించలేదు. చివరికి ఒకరోజు నీళ్ళు పొర్లి ముసలమ్మ రెండు చేతులూ మోచేతుల దాకా బొబ్బలెక్కాయి. కాంట్రాక్టరు వచ్చి చూశాడు. "చేతులు పనికిరాని మనిషికి ఇక్కడేం పని? పంపేయండి" అన్నాడు. పెద్దకోడలు ముందూ వెనకా చూసుకోలేదు. తిన్నగా పోయి ఆవిరి వాల్వు కట్టేసింది. తొట్లన్నీ చల్లబడ్డాయి. ముసలమ్మకి వైద్యం చేయించి మళ్ళీ పనిలో పెట్టుకునేదాకా సీసా ముట్టబోమని అందరూ బయటికొచ్చి గేటు ముందు నిలబడ్డారు. కాంట్రాక్టరు కోర్టుకి పోయాడు.

కోర్టు నుంచి వచ్చాక చూస్తే గేటు దగ్గర పోలీసులు. కాగితం చూపించారు. ఈ ఆడవాళ్ళు గేటు ఛాయలకి రాకూడదట. ఆ వెనకే కొత్త కూలీలను ఎక్కించుకుని లారీ వచ్చింది. పెద్దకోడలు అందరికంటే ముందు పోయి చక్రాల ముందు చతికిలబడింది. ఆమె వెనకాల అందరూ కూలబడ్డారు. చిన్నకోడలు మాత్రం నిలబడి పోలీసుతో వాదన పెట్టుకుంది.

"మమ్మల్ని అడక్కుండా మామీద ఆర్డరెలా వచ్చిందయ్యా?"

"మీరు రాలేదుగా. ఎక్స్ పార్టీ అయింది."

"ఎందుకు రాలేదూ? పొద్దుట్నుంచీ ఆ వరండాలోనే పడున్నాం!"

"పిలిస్తే పలికారా?"

అందరి కళ్ళూ పెద్దకోడలి మీదికి తిరిగాయి. కాసేపటికి చిన్నకోడలు కూడా వచ్చి కూర్చుంది. లారీ వెనక్కి పోయింది. పెద్దకోడలిని మాత్రం ఆ చూపులు ఇంటిదాకా తరుముతూనే ఉన్నాయి.

"ఇలా లాభం లేదక్కా. వాళ్ళ మాటలు మనకి తెలీక మునిగిపోతున్నాం" అంది చిన్నకోడలు. పేదవాళ్ళ కేసులు ఊరికే వాదించే వకీలమ్మ ఒకావిడ ఉందని ఆరా తీసి వెళ్ళింది. అలా రోజూ వెళ్ళడం, సాయంత్రం కుళాయి దగ్గర బిందెలు పక్కన పెట్టుకుని అందరికీ చెప్పడం మొదలైంది. పిల్లల తల్లులూ, ముసలివాళ్ళూ చిన్నకోడలి చుట్టూ గుమిగూడి నోళ్ళు తెరుచుకుని వినేవాళ్ళు. నిన్నమొన్నటిదాకా ఆ గుంపు పెద్దకోడలిది.

"సమన్లంటే కోర్టుకి రమ్మని కబురు. పోకపోయినా, పోయి పలక్కపోయినా ఒకటే. ఎదుటివాడు చెప్పిందొక్కటే విని రాసేస్తారు. అదే ఎక్స్ పార్టీ."

"మనల్ని ప్రతివాదులన్నారట కదే. అంటే ముద్దాయిలమా?" అంది నిచ్చెన. మనిషి పొడుగని షెడ్డులో ఆమెకా పేరు.

"కాదొదినా. దావా వేసినవాడు వాది. ఎవరిమీద వేశాడో వాళ్ళు ప్రతివాదులు. జవాబు చెప్పుకోమని పిలుస్తారు, అంతే. తప్పు చేసినట్టు కాదు. ముద్దాయి అనేది పోలీసు కేసులో."

"మరి గేటుకి రావద్దన్నదో?"

"దాన్ని ఇంజంక్షన్ అంటారు. ఫలానా పని చెయ్యొద్దని కోర్టు పెట్టే కట్టడి. మన మాట కూడా విని, ఆ ఎక్స్ పార్టీ ఆర్డరు కొట్టేయమని వకీలమ్మ పిటిషన్ వేసింది. అది కొట్టేస్తే కట్టడి పోతుంది, గేటు మనదవుతుంది. కొట్టేయకపోతే షెడ్డు మర్చిపోవాల్సిందే."

"లారీకి అడ్డం కూర్చున్నాంగా, దానికేమంటారో?"

చిన్నకోడలు బిందె అంచు గోకుతూ చెప్పింది. "కోర్టు ధిక్కారం. కోర్టు వద్దన్నాక చేశామని. కాంట్రాక్టరు దానికి వేరే పిటిషన్ వేశాడు. రెండూ ఒకేరోజు వింటారు. అందర్నీ లేవదీసింది నేనేనని, నన్ను జైల్లో పెట్టమని రాశాడు."

దూరంగా, వినపడనట్టే బట్టలు పిండుకుంటున్న పెద్దకోడలు చటుక్కున తలెత్తింది. "నీ పేరు రాశాడా? నీ పేరెందుకు రాశాడు?"

తోటికోడలి మీద ఎంత బెంగో అనుకున్నారు అందరూ. బెంగా లేదు, గింగా లేదు. అసూయ! సిగ్గుపడాల్సిన సంగతే కానీ ఉన్నమాట చెప్పుకోవాలి. వాల్వు కట్టేసింది తను. చక్రాల ముందు మొదట కూర్చుంది తను. తీరా కాంట్రాక్టరు భయపడి రాసిన పేరు దానిదా? అంటే శత్రువు లెక్కలో కూడా ఇప్పుడు పెద్దది తను కాదన్నమాట. ఆమెకి అరికాలి మంట నెత్తికెక్కింది.

ఇంటికొస్తే అత్త కట్లు కట్టిన చేతులు ఒళ్ళో పెట్టుకుని, "చిన్నదానికి బుర్రుందే. వకీళ్ళకి మల్లే మాట్లాడుతోంది" అని మురిసిపోయింది. పెద్దకోడలు అంట్లగిన్నెలన్నీ ముందేసుకుని, చిల్లులు పడేలా తోముతూ, "వాది... ప్రతివాది... ఇంజంక్షన్..." అని గొణుక్కుంది. అవును, రహస్యంగా నేర్చుకుంటోంది. చిన్నదాన్ని అడగడం నామోషీ. తలుపు గడియ రేపు బిగిస్తానన్న మొగుడి మీద విరుచుకుపడింది.

"ఎన్ని వాయిదాలయ్యా నీకు? ఈసారి ఎక్స్ పార్టీ చేసేస్తా!"

అతను బిక్కమొహం వేసుకుని సుత్తి వెతుక్కున్నాడు.

మేస్త్రీ ఆమెని సందు మలుపులో పట్టుకున్నాడు. మనలో మనకుండే కుళ్ళుని మనమీదికే ఉసిగొల్పడం ఆ జాతికి వెన్నతో పెట్టిన విద్య. వాడికి అంతా తెలుసు. ఎవరు కుళ్ళుకుంటున్నారో, ఎంత కుళ్ళుకుంటున్నారో కూడా తెలుసు.

"ఏం పెద్దకోడలా, నీ చేతి కింద పెరిగిన పిల్ల నిన్ను పక్కకి నెట్టేసిందే! చూస్తుంటే నాకే కడుపు తరుక్కుపోతోంది."

"నీ కడుపు సంగతి నాకెందుకు? ఏం కావాలో చెప్పు."

"మీ వకీలమ్మ నిన్ను సాక్షిగా బోనెక్కిస్తోందట. తర్వాత మా వకీలు క్రాస్ చేస్తాడు. క్రాసంటే..."

"తెలుసులే. ఎదుటి పక్షం వకీలు గుచ్చి గుచ్చి అడగడం."

మేస్త్రీ తెల్లబోయి సర్దుకున్నాడు. "ఆ... అప్పుడు ఒక్క మాట అను. నాకేం పాపం తెలీదు, అంతా చిన్నదే చేయించిందని. అది లోపలికి పోతుంది. అత్తా కోడళ్ళు మీరిద్దరూ మళ్ళీ పనిలోకొస్తారు. షెడ్డులో మళ్ళీ నువ్వే పెద్దదానివి."

చిన్నకోడలు జైలుకి పోతే కేసు పట్టించుకునే దిక్కుండదు. గేటు పోతుంది, మిగతావాళ్ళంతా వీధిన పడతారు. అది పెద్దకోడలికి తెలియక కాదు. తెలిసి కూడా ఒక్క క్షణం గుండె గంతేసింది. కుళాయి దగ్గర గుంపు మళ్ళీ తన చుట్టూ చేరినట్టు కళ్ళకి కట్టింది. సరేననలేదు. కాదని కూడా అనలేదు. మేస్త్రీ దాన్నే ఒప్పుకోలు కింద జమ వేసుకుని ఈల వేసుకుంటూ పోయాడు.

విచారణ రోజున బంట్రోతు పేరు పిలవగానే పెద్దకోడలు పలికి బోనెక్కింది. అబద్ధం చెప్పనని ప్రమాణం చేసింది. వకీలమ్మ అడిగినవాటికి జవాబులు చెప్పింది. తర్వాత కాంట్రాక్టరు వకీలు లేచాడు. గొంతులో తేనె పోసుకుని వచ్చాడు.

"అమ్మా, నువ్వు చదువుకోలేదు కదూ?"

"లేదండి."

"ఈ కోర్టులూ ఆర్డర్లూ నీకు తెలియవు. లారీకి అడ్డం పడటాలూ అవీ నీకు తోచే పనులు కాదు. పాపం, నీ తోటికోడలు తెలివైనది. ఆమె ఎలా ఆడిస్తే అలా ఆడావు. అంతేనా?"

వెనక బెంచీలో మేస్త్రీ ఊ అనమని తల ఊపుతున్నాడు. పెద్దకోడలు చిన్నకోడలి వైపు చూసింది. అది ఏ శిక్షకైనా సిద్ధమే అన్నట్టు గడ్డం పైకెత్తి కూర్చుంది. జైలుకి పోతుంది. వాడవాడలా దాని పేరే. తిరిగొచ్చాక షెడ్డు షెడ్డంతా దాని వెనకే. అత్త నోట ఇక చచ్చేదాకా దాని మాటే! ఇన్నాళ్ళూ కడుపులో దాచుకున్నదంతా ఒక్కసారి పొంగింది.

"అది ఆడిస్తే నేనాడటమేంటి?" అని అరిచింది. "అది మా ఇంటి గడప తొక్కకముందు నుంచీ నేనా షెడ్డులో సీసాలు కడుగుతున్నా! వాల్వు కట్టేసింది నేను. లారీకి మొదట అడ్డం కూర్చున్నది నేను. అప్పటికది పోలీసుతో కబుర్లాడుతోంది!"

కోర్టు గొల్లుమంది. వకీలమ్మ తల పట్టుకుంది. వకీలు గొంతులో తేనె ఇంకిపోయింది. జడ్జిగారు కళ్ళజోడు తీసి, "ఏమంటున్నారో తెలుస్తోందా? కోర్టు ఉత్తర్వు మీరినట్టు మీరే ఒప్పుకుంటున్నారు" అన్నారు.

"తెలుస్తోందయ్యా. ధిక్కారమంటారు. ఆనాడు పిలిస్తే పలకలేదు, అది నా తప్పే. ఇవాళ పలుకుతున్నా, వినండి. మా అత్త చేతులు ఉడికిపోయాయి. వాటిని కన్నెత్తి చూడకుండా రాసిన కాగితం అది. దాన్ని చూపించి లెమ్మంటే నేను లేవలేదు. మళ్ళీ చూపించినా లేవను."

"నేనూ కూర్చున్నానండి" అని చిన్నకోడలు లేచింది.

"నువ్వు ఆఖర్న కూర్చున్నావు!" అంది పెద్దకోడలు బోనులోంచి.

నిచ్చెన ఊరుకుంటుందా? "చక్రానికి తగిలింది నా కాళ్ళండి. మొదట కూర్చున్నది నేను కాక ఇంకెవరు?" అంది. ఇంకొకామె, "నీ కాళ్ళు పొడుగైతే నువ్వు ముందున్నట్టా? నేనే ముందు" అని ఎగబడింది. నేనంటే నేనని బెంచీలన్నీ లేచి నిలబడ్డాయి. ఆఖరికి అత్త కట్ల చేతులు రెండూ పైకెత్తి, "కాలింది నా చేతులైతే, నన్నొదిలేసి పేరంతా మీరే పంచుకుంటారేంటే?" అని కోప్పడింది.

జడ్జిగారు బల్ల మీద ఎన్నిసార్లు చరిచినా ఎవరికీ వినపడలేదు. ఎక్స్ పార్టీ కొట్టేయమన్న పిటిషన్‌కి వాయిదా వేశారు. ధిక్కారానికి మాత్రం వాయిదా లేదు. కూర్చున్నామని ఒప్పుకున్న వాళ్ళందరినీ జైలుకి పంపమన్నారు. ఒక్కరిని ఎక్కించుకుపోదామని వచ్చిన వ్యానులో ఊపిరాడకుండా కుక్కారు.

"నన్ను కాపాడావక్కా" అంది చిన్నకోడలు, తోటికోడలి భుజానికి ఆనుకుని.

"నిన్ను కాపాడేదేంటి? నాది నేను తీసుకున్నా" అంది పెద్దకోడలు. భుజం మాత్రం తీసేయలేదు.

సీసాల షెడ్డు పక్కనే అదే కాంట్రాక్టరుకి మూతలు చేసే షెడ్డు ఉంది. ఇన్నాళ్ళూ వాళ్ళు గోడ మీంచి తొంగిచూసి ఊరుకున్నవాళ్ళే. వ్యాను వాళ్ళ ముందునుంచే పోయింది. మర్నాడు పెద్దకోడలి మొగుడు జైలుకి వచ్చి ఊచల అవతల నిలబడ్డాడు.

"మూతల షెడ్డు కూడా ఆగిపోయిందే! సీసాలవాళ్ళకేనా పౌరుషం, మేం ఉప్పూ కారం తినటం లేదా అంటున్నారు. ఇప్పుడు మీ గేటు ముందు వాళ్ళే కూర్చున్నారు."

"ఎవరు మొదట కూర్చున్నది?"

"ఎవరో ఒకావిడ. లారీ మళ్ళీ వస్తే చక్రాన్ని వాటేసుకుని మరీ కూర్చుందట."

పెద్దకోడలి మొహం మాడిపోయింది. అంతలో వకీలమ్మ వచ్చింది. "బెయిలిస్తామంటున్నారు. కానీ షరతులున్నాయి" అంది.

చిన్నకోడలు అందరివైపూ తిరిగి, "షరతులంటే..." అని మొదలుపెట్టింది.

"నాకు తెలుసులేవే!" అంది పెద్దకోడలు. "గేటు దగ్గరికి పోబోమని రాసిస్తే వదుల్తారు, అంతేగా? రాసివ్వం. అక్కడ మా గేటుకి ఆ మూతలావిడ కాపలా కాస్తుంటే, మేం ఇళ్ళల్లో తలుపులేసుకుని కూర్చోవాలా? వదిల్తే తిన్నగా గేటుకే పోతామని చెప్పండి మీ జడ్జిగారికి."

సరిగ్గా ఆ మాటే అనబోయి చిన్నకోడలు నోరు తెరిచింది. అప్పటికే పెద్దకోడలు అనేసింది. ఇంకేం, వెనకున్న వాళ్ళంతా ఒకళ్ళనొకళ్ళు తోసుకుంటూ ఊచల దగ్గరికొచ్చి, నేను ముందంటే నేను ముందని, గేటుకే పోతామని వకీలమ్మకి చెబుతున్నారు.