మార్చి పద్నాలుగు, గురువారం

2019 మార్చి 14, గురువారం. ఆ మధ్యాహ్నం అంగట్లోనే ఆలుమగలిద్దరూ రాగి సంగటి, చింతచిగురు వేసిన ఎండుచేపల పులుసు తిన్నారు. ఇమ్మానుయేలుకు ఆ తేదీని గుర్తు తెచ్చుకోవలసిన అవసరమే రాలేదు. రోజూ పొద్దున తొమ్మిదింటికి పూతలపట్టు కూడలిలో అంగడి తలుపులు తీసి, జిరాక్సు మిషను మీది గుడ్డ తొలగించి, కంప్యూటరు వెలిగించి, మొట్టమొదట చేసే పని ఆ తేదీని అందులో పెట్టడమే. రాత్రి గడిచింది కాబట్టి తెర మూలన పదిహేను అని ఉంటుంది. మధ్యలో ఆదివారం వస్తే పదహారు. ఆ ఒకటో రెండో రోజులను వెనక్కి జరిపేస్తాడు. పోయినేడు జబ్బు చేసి కుడిచేతి వేళ్ళకు పట్టు తప్పినప్పటి నుంచి ఆ పని ఎడమ చేత్తో చేస్తున్నాడు.

ఆ అలవాటు భార్య ప్రసన్నకుమారిది. తెలుగు టైపింగు ప్రోగ్రాం ఒకటి నెల రోజులు ఉచితం అంటే ఆ గురువారం వేయించుకుంది. నెల తిరిగేలోగా కొందామనుకున్నారు, అంతలోనే ఆ కంపెనీ మూతపడింది. ప్రోగ్రాం ఎక్కించిన మనిషే ఉపాయం చెప్పాడు. గడువు దాటిన తేదీని అది ఒక్కసారి చూసిందంటే ఇక ఎప్పటికీ తెరుచుకోదు, అందుకని రోజూ తేదీ వెనక్కి పెట్టుకోండి, నెట్టు తగిలినా తేదీ దానంతట అది మారకుండా ఆపి పెట్టాను అన్నాడు. ప్రసన్నకుమారి ఒక పసుపుపచ్చ చీటీ మీద 14-3-2019 అని రాసి మానిటరు అంచున అంటించింది. బయట ఎండలు వచ్చాయి, వానలు వచ్చాయి. ఆ అంగట్లో మాత్రం ఎప్పుడూ గురువారమే.

ఆమె టైపు చేసేది, ఇతను జిరాక్సు, లామినేషను చూసుకునేవాడు. కాగితం వంక చూస్తూ, మీటల వంక చూడకుండా కొట్టేది. పెళ్ళి పత్రికలు, అర్జీలు, చర్చివాళ్ళ క్రిస్మస్ కార్యక్రమాలు, బడి ప్రశ్నపత్రాలు. రెండువేల ఇరవై ఒకటి మే నెలలో ఆమె పోయాక ఇమ్మానుయేలు కుడిచేతి రెండు వేళ్ళతో కొట్టడం నేర్చుకున్నాడు. ఇప్పుడు ఆ రెండు వేళ్ళూ సరిగా లేవు.

ఈ సంగతి తెలిసి పలమనేరులో ఉండే కూతురు నిస్సీ ఫోను చేసింది. "నాయనా, ఏఐ అసిస్టెంటు అని ఉండాది. నువ్వు నోటితో చెప్తే సాలు, అదే టైపు జేస్తాది. తప్పులు గూడా దిద్దుతాది."

మొన్న అంగటికి నెట్టు వైరు లాగించింది. నిన్నంతా ఫోనులో చెబుతూ ఆ అసిస్టెంటును ఎక్కించింది. ఎక్కింది గానీ కలవలేదు. ఎన్నిసార్లు నొక్కినా ఒక చుక్కల వలయం తిరిగి తిరిగి, సురక్షితంగా కనెక్ట్ కాలేకపోయాము అని చెప్పి ఆగిపోతోంది.

ఈ పొద్దున కోమలి టీచరమ్మ వచ్చి బల్ల మీద కాగితాల కట్ట పెట్టింది. చేతిరాత ప్రశ్నపత్రాలు, ఇరవై రెండు పేజీలు.

"రేపు సాయంత్రానికి కావాల సార్. అందరూ చిత్తూరులో చేయిద్దామంటే నేనే మీ దగ్గరికి తెచ్చినాను. కుదరకపోతే ఇప్పుడే చెప్పేయండి, ఏమీ అనుకోను. కానీ ఒకసారి ఆడికి పోతే ఇంక అన్నీ ఆడికే పోతాయి."

"కుదురుతుందమ్మా" అన్నాడు ఇమ్మానుయేలు. ఒక పేజీకి తన ఎడమచేతికి గంట పడుతుందని ఆమెకు చెప్పలేదు. బడి పని పోతే అంగటికి మిగిలేది జిరాక్సు ఒక్కటే. ఆ ఒక్కదాని కోసం తలుపులు తీసి కూర్చున్నా గిట్టదు.

పదకొండింటికి చిత్తూరు నుంచి ధనశేఖర్ బండి మీద వచ్చాడు. కంప్యూటర్లు బాగుచేసే పనిలో అతనికి ఇరవై ఏళ్ళ అనుభవం. హెల్మెట్టు తీయకుండానే వైరు పీకి మళ్ళీ పెట్టాడు. రూటరు ఆపి వెలిగించాడు. అసిస్టెంటును తీసేసి మళ్ళీ ఎక్కించాడు. తన ఫోనులోని నెట్టు ఇచ్చి చూశాడు. చుక్కల వలయం తిరుగుతూనే ఉంది.

పక్క టీ అంగడి సిద్ధమ్మ రెండు గ్లాసులు తెచ్చి పెట్టింది. ఇమ్మానుయేలుకు చక్కెర లేనిది, అడక్కుండానే.

"ఏమబ్బా, ఆ డబ్బాతో కొట్లాట ముగిసేనా లేదా?"

"నెట్టు బాగుండాది, మిషను బాగుండాది, అది మాత్రం రానంటే రానంటాదక్కా" అన్నాడు ధనశేఖర్. ఇమ్మానుయేలు వైపు తిరిగాడు. "నిన్నా మొన్నా దీంట్లో ఏమన్నా మార్చినావా అన్నా?"

"ఏమీ మార్చలేదప్పా."

అబద్ధం చెప్పాలనుకోలేదు. పొద్దున్నే మొహం కడుక్కోవడాన్ని ఎవరూ మార్పు అనుకోరు కదా.

ధనశేఖర్ టీ తాగుతూ తెర వంక ఊరికే చూస్తున్నాడు. చూపు కింది మూలన ఆగింది. గ్లాసు కింద పెట్టి పెద్దగా నవ్వాడు.

"అయ్యో అన్నా, ఈడ సూడు. నీ కంప్యూటర్లో ఇంకా కరోనానే రాలేదు."

సిద్ధమ్మ నవ్వలేదు. ఖాళీ గ్లాసు తీసుకుని గబగబా వెళ్ళిపోయింది. ఆమె వెళ్ళిన తీరు చూశాక ధనశేఖర్‌కు గుర్తొచ్చింది. ఆ మే నెలలో చిత్తూరు ఆసుపత్రి గేటు బయట ఇమ్మానుయేలు పక్కన తనూ ఒక పూట నిలబడ్డాడు. ఇప్పుడు హెల్మెట్టు తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు.

"నోరు జారినాను. తప్పుగా అనుకోవద్దన్నా."

"నిజమే అన్నావు లే. దీనికి ఇంకా రాలేదు" అన్నాడు ఇమ్మానుయేలు.

ధనశేఖర్ గొంతు తగ్గించి విషయం చెప్పాడు. అవతలి నుంచి అసిస్టెంటు తన గుర్తింపు కాగితం చూపిస్తుంది. ఆ కాగితం ఈ సంవత్సరానిది. ఈ మిషను లెక్కలో ఈ సంవత్సరం ఇంకా పుట్టలేదు. అందుకని దొంగ కాగితమనుకుని తలుపు తీయడం లేదు. మిషనుకు ఈ రోజు తేదీ పెడితే నిమిషంలో కలుస్తుంది.

"పెడితే ఆ పాతది?"

"అది మిషనుతో పాటే లేస్తాది గదన్నా. ఈ రోజు తేదీ చూసిందంటే అంతే. దాంట్లో కొట్టిన ఫైళ్ళు మళ్ళీ తెలుగులో కనపడవు, పిచ్చి గుర్తులు కనపడతాయి." గ్లాసులో మిగిలిన టీ తాగేసి లేచాడు. "దానికి ఆ రోజే కావాల, దీనికి ఈ రోజే కావాల. నేను బ్యాంకు దగ్గర ఒక ప్రింటరు చూసేది ఉండాది. మూడింటికి వస్తాను. అంతలోపల నీకు కావలసినవి ప్రింటు తీసి పెట్టుకో."

అతను వెళ్ళాక ఇమ్మానుయేలు ఫైళ్ళ వరస తెరిచాడు. మూడు వేల పైచిలుకు. ప్రతిదాని పక్కనా ఒకటే తేదీ. ఆమె కొట్టినవీ, ఆమె పోయాక తను కొట్టినవీ, అన్నీ ఆ గురువారమే పుట్టినట్టు కలిసిపోయి ఉన్నాయి. ఎవరివి ఏవో తేదీ చెప్పదు. ఒక్కొక్కటే తెరిచి చదవసాగాడు. కాసేపటికి తెలిసింది. తప్పులున్నవన్నీ తనవి. ఒక్క తప్పూ లేనివి ఆమెవి.

ఎవరిదో పెళ్ళి పత్రిక. బోరు బావికి అర్జీ. ఆరో తరగతి సాంఘిక శాస్త్రం, చివర ఖాళీలను పూరింపుము. వాటిలో ఆమె సొంత మాట ఒక్కటీ లేదు. అన్నీ ఊరివాళ్ళ మాటలే, ఆమె వేళ్ళ మీదుగా వచ్చినవి. అయినా ఒక్కో కాగితం వేడిగా బయటికి వస్తుంటే పట్టుకుని, అంచులు సమంగా తట్టి, అట్ట మీద పేర్చాడు. కరెంటు పోకుండా ఉంటే చాలనుకున్నాడు. ఆ పూట పోలేదు.

రెండున్నరకు, అన్నీ అయ్యేవి కావని తెలిసి, వరసలో అట్టడుగుకు వెళ్ళాడు. ఫైలుకు పేరు లేదు, ఒకటి అనే అంకె మాత్రం ఉంది. ప్రోగ్రాం ఎక్కించిన పూట అక్షరాలు పడుతున్నాయో లేదో చూడడానికి కొట్టినది.

'ఈ రోజు సంగటి చేశాను. చింతచిగురు పులుసు. మా ఆయన మూడు ముద్దలు తిని బల్ల మీద తల పెట్టి నిద్రపోతున్నాడు. లేపడం లేదు. అక్షరాలు బాగా పడుతున్నాయి.'

ఏడేళ్ళు కావస్తోంది. రోజూ తను వెనక్కి లాగి పెట్టుకున్న ఆ రోజులోనే ఇది ఉంది. తను ఎప్పుడూ తెరవలేదు. ఆ మధ్యాహ్నం నిద్రపోయినట్టు గుర్తే లేదు. లేచేసరికి భుజం మీద తువ్వాలు ఉండడం గుర్తుంది.

దాన్ని ప్రింటు తీసి మడిచి, చొక్కా జేబులో పెట్టుకున్నాడు.

ధనశేఖర్ చెప్పినట్టే మూడింటికి వచ్చాడు. మౌస్ అందుకోబోయి చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

"నువ్వే పెట్టన్నా."

ఇమ్మానుయేలు ఎడమ చేత్తో సంవత్సరం మీద నొక్కాడు. ఇరవై. ఇరవై ఒకటి. అక్కడ వేలు ఆగింది. ధనశేఖర్ వీధి వైపు తిరిగి లారీలను చూస్తున్నాడు. ఇరవై రెండు. ఇరవై మూడు. ఇరవై నాలుగు. ఇరవై ఐదు. నవంబరు. పద్దెనిమిది.

తెర మీద చిన్న పెట్టె ఒకటి వచ్చింది. గడువు ముగిసింది అని ఉంది. కింద ఒకే ఒక బొత్తాము, సరే అని. నొక్కాడు. టైపింగు ప్రోగ్రాం చప్పుడు లేకుండా మూసుకుపోయింది. ఆ వెనకే చుక్కల వలయం ఒక చుట్టు తిరిగి ఆగింది. అసిస్టెంటు పలికింది.

"నమస్కారం. మీకు ఏం సాయం చేయమంటారు?"

ఇమ్మానుయేలు తెర దగ్గరికి వంగాడు.

"ఈ రోజు తేదీ ఏంది?" అని అడిగాడు.

"ఈ రోజు నవంబరు పద్దెనిమిది, రెండువేల ఇరవై ఐదు, మంగళవారం."

"మంగళవారం" అన్నాడు ఇమ్మానుయేలు, ఎవరో ఊరి కబురు తెస్తే విన్నట్టు. తర్వాత కోమలి టీచరమ్మ కాగితం తీసి మొదటి ప్రశ్న చదివాడు. చదివినంతా తెర మీద వరసగా పడింది. ఒక్క తప్పూ లేదు.

చీకటి పడే వేళకు పద్నాలుగు పేజీలు అయ్యాయి. మిగిలినవి రేపు మధ్యాహ్నానికి అయిపోతాయి. సిద్ధమ్మ పొయ్యి ఆర్పి, గిన్నెలు సర్దుకుని గుమ్మం దగ్గర నిలబడింది.

"ఏమబ్బా, మాట్లాడే మనిషి దొరికినట్టే గదా నీకు."

"మాట్లాడేది లేదు సిద్ధమ్మా. నేను చెప్పింది రాస్తాది."

"ఆ యమ్మ మాత్రం మాట్లాడిందా యాడన్నా? తల దించుకొని రాసేదే గదా."

ఇమ్మానుయేలు నవ్వాడు. చాలాసేపటికి వచ్చిన నవ్వు అది. సిద్ధమ్మ వెళ్ళేదాకా అతని మొహం మీదే ఉంది.

కంప్యూటరు ఆపాడు. రేపు పొద్దున వెలిగిస్తే బుధవారం ఉంటుంది. వెనక్కి జరపడానికి ఏమీ ఉండదు. ఎడమ చేత్తో మానిటరు అంచున చీటీ పట్టి లాగాడు. ఒక మూల ఊడి వచ్చింది. ప్రసన్నకుమారి సిరా వెలిసిపోతే తను రెండుసార్లు అదే గీతల మీద దిద్దాడు, అయినా నాలుగు అంకె మెలిక ఆమెదే. ఊడిన మూలను బొటనవేలితో నొక్కి, అంటుకునేదాకా పట్టుకున్నాడు.

బయటికి వచ్చి, లోపల ఎవరో కునుకు తీస్తున్నట్టు, తలుపు రెక్కలు రెండూ మెల్లగా దగ్గరికి వేశాడు. గొళ్ళెం పడే ముందు కూడలి దీపం వెలుగు సందులోంచి దూరి, మానిటరు అంచున ఉన్న ఆ పసుపుపచ్చ చీటీ మీద పడింది.