పై కాగితం, కింది కాగితం

పోలరాజు ఉద్యోగం ఊడగొట్టించాలని రెండేళ్లు కాచుకుని కూర్చున్నాను. నా ఉద్యోగం నాకు రావాలన్న ఆశ కూడా ఉంది గానీ, నిజం చెప్పాలంటే అది ఆ తర్వాతే.

ఇద్దరం ఏలూరు కాలువ లాకు దగ్గర తలుపులు ఎత్తి దించే లస్కర్లం. డెబ్బై నాలుగో సంవత్సరం వానల్లో కాలువ పొంగిన రోజు లాకు తలుపులు ఎత్తలేకపోయాం. ఎత్తే హ్యాండిల్ ఓవర్సీరు గారింట్లో ఉంది. మా దగ్గరుంటే పోగొడతామని ఆయన భయం. పరిగెత్తి తెచ్చేసరికి గట్టు తెగి నారుమళ్లు మునిగాయి. ఇద్దర్నీ ఒకే ఆర్డరుతో తీసేశారు.

బెజవాడలో టైపు కొట్టే రత్తయ్య గారు పేర్ల దగ్గర ఖాళీ వదిలి, కార్బన్ పెట్టి ఇద్దరికీ ఒకే అప్పీలు కొట్టారు. "పెద్దోడివి, పై కాగితం నువ్వు తీసుకో అన్నా" అన్నది నేనే. కింది కాగితం నాకు. ఆఫీసులో కలిపి కట్టాల్సినవి రెండు ఫైళ్లు చేశారు. పోలరాజు ఫైలు చూసిన ఆఫీసరు, హ్యాండిల్ లేకపోతే వీళ్లేం చేస్తారని ఉద్యోగం ఇచ్చేశాడు. ఆయన బదిలీ అయ్యాక నా ఫైలు కొత్తాయన చూశాడు. అంతా బుకాయింపని కొట్టేశాడు. రెంటికీ అక్షరం తేడా లేదు.

నిన్ను మళ్లీ తీసుకున్న ఆర్డరు ఒక్కసారి ఇవ్వన్నా, చూపించుకుంటానని వెళ్లాను. పోలరాజు గుమ్మంలోనే నిలబడి "ఎక్కడ పెట్టానో, దొరకట్లేదురా" అన్నాడు. వెనక పేరమ్మ వదిన తల దించుకుంది. అతను ఖాకీ చొక్కా తొడుక్కుని మా ఇంటి ముందు నుంచి సైకిలు మీద పోయే వేళకే, నా భార్య దానమ్మ పరాయి చేలో కలుపుకి బయల్దేరేది.

పై ఆఫీసరుకి మళ్లీ అప్పీలు పెట్టాను. రెండూ కలిపి చూడండి, ఉంచితే ఇద్దర్నీ ఉంచండి, తీస్తే ఇద్దర్నీ తీయండి అని రాయించాను.

"ఇద్దర్నీ తీసేస్తే?" అన్నారు రత్తయ్య గారు.

"తీసెయ్యనివ్వండి. హాయిగా నిద్రపోతాను."

విచారణకి పోలరాజునీ పిలిపించారు. ఆఫీసరు రెండు అప్పీళ్లూ పక్కపక్కన పెట్టుకున్నారు.

"మాటలన్నీ ఒకటే. ఇద్దరికీ ఒకటే జరగాలి. నిన్ను తీసెయ్యడం తప్పా, అతన్ని తీసుకోవడం తప్పా? నువ్వే చెప్పవయ్యా."

రెండేళ్లుగా నాలిక మీదున్న మాటే.

"అతన్ని తీసుకోవడమే తప్పండి" అన్నాను. ఎంత హాయిగా ఉందో.

పోలరాజు నా వైపు చూడలేదు. జేబులోంచి మడతలు నలిగిన ఆర్డరు తీసి బల్ల మీద పెట్టాడు.

"వీణ్ణి తీసెయ్యడం తప్పండి. హ్యాండిల్ ఓవర్సీరు గారింట్లో ఉందని ఇందులో రాసుందండి, వీడు అడిగితే ఆయనకి భయపడి దాచాను. ఆ రోజు హ్యాండిల్ కోసం నాకంటే ముందు పరిగెత్తింది వీడేనండి."

నెల తిరక్కుండా నా ఉద్యోగం నాకొచ్చింది.

లాకు తలుపు ఎత్తాలంటే ఆ హ్యాండిల్‌ని ఇద్దరు ఎదురెదురుగా నిలబడి తిప్పాలి. మొదటి రోజు వెళ్లేసరికి పోలరాజు ఒక కొస పట్టుకుని ఉన్నాడు. తిడతాడనుకున్నాను. తిట్టినా బాగుండేది.

"పట్టుకోరా కొండలయ్యా" అన్నాడు, అంతే.

అతని మొహం చూడకుండా తిప్పడం కుదరదు. అతనికింకా పదకొండేళ్ల సర్వీసుంది.