బూట్ల దినం, చెప్పుల దినం

కౌల్ బజార్ వెనక వీధికి కొళాయి నీళ్లు ఎనిమిది దినాలకో, పన్నెండు దినాలకో వస్తాయి. ఏ దినమో చెప్పరు. చెప్తే వాళ్ల గొప్ప తగ్గిపోతాది కాబోలు. ఇంటికొక మనిషి కాపలా కూసోవాల్సిందే. ఆ మనిషి ఎప్పుడూ ఆడదే.

సుంకలమ్మ రెండు దినాలుగా అట్లే కూసునింది. జీన్స్ ప్యాంట్లు కుట్టే షెడ్డు నుంచి మేస్త్రి ఫోన్ చేసినాడు: "ఈపొద్దు కూడా రాకుంటే నీ మిషన్ మీద ఇంకొకర్ని కూసోబెడ్తా."

డ్రమ్ము అడుగంటింది. పోతే నీళ్లు పోతాయి, ఉంటే పని పోతాది.

కూతురు అక్షత గడప మీద కూసోని ఎదురుగా టీ అంగడినే చూస్తాండాది. ఎనిమిదేండ్లది, మాట తక్కువ. నీళ్లు వదిలే దురుగప్ప ఆడ టీ తాగుతాండాడు. పక్కన వాల్వు తిప్పే ఇనప కడ్డీ.

"అమా, పనికి పో. ఈపొద్దు మనకు రావు."

"నీకెట్ల తెలుసే?"

"ఆయప్ప బూట్లేసుకున్యాడు."

పక్కింటి నేత్రావతి పకపకా నవ్వింది. "బూట్లు చూసి జాతకం చెప్తాండాది సూడక్కా!"

అక్షత నవ్వలేదు. "మన వాల్వు మోరీ పక్క బురద గుంతలో ఉండాది గదా. దాంట్లో దిగే దినం రబ్బరు చెప్పులేసుకోనొస్తాడు. నాలుగు తూర్లు చూసినా."

సుంకలమ్మ వీధి దాటి పోయింది. "దురుగప్పా, ఈపొద్దు మాకు వదుల్తావా?"

"నాకేం తెలుసక్కా? పైనుంచి ఆర్డర్ రావల్ల."

ఆమె అతని మొగం చూడలేదు, కాళ్లు చూసింది. నల్ల బూట్లు. పాలిష్ కూడా. టిఫిన్ డబ్బా పట్టుకొని షేర్ ఆటో ఎక్కేసింది.

సాయంత్రం దిగతానే అడిగింది, "వచ్చినాయా?"

"చుక్క రాలే," అనింది నేత్రావతి. పొద్దంతా బిందె ముందర కూసున్న మనిషి. ఇప్పుడు నవ్వలేదు.

మరుసటి దినం ఏడు గంటలకే అక్షత అరిచింది. అంత గొంతు ఆ పిల్లకుందని వీధికి అప్పుడే తెలిసింది.

"రబ్బరు చెప్పులు! రబ్బరు చెప్పులు!"

దురుగప్ప టీ ముగించి గుంతలో దిగేసరికి వీధి పొడుగునా బిందెలు.

"ఎట్ల తెలిసె మీకు?"

"పిల్ల బడి మాని నీ కాళ్లకు కావలి కాయాల్నా?" సుంకలమ్మ నిలదీసింది. "దాచి ఏం బావుకుంటివప్పా? ముందే చెప్పు. లేదంటే ఈ గుంతలోంచి నిన్ను పైకి రానియ్యం."

ఆడోళ్లు చుట్టూ నిలబడినారు, అందరికంటే ముందు నేత్రావతి. మోకాళ్ల దాకా బురదలో ఉన్న దురుగప్ప అందర్నీ చూసినాడు. నవ్వొచ్చేసింది. పైనుంచి ఆర్డర్ అప్పుడే వచ్చినట్టుంది.

"ఏయ్ పాపా, మళ్లా వచ్చే శుక్రవారం. ఏడున్నరకు. సరేనా?"

అక్షత తలూపింది. సుంకలమ్మ డ్రమ్ము నింపి, మూత పెట్టి, తొమ్మిది కొట్టక ముందే తన మిషన్ ముందర కూసునింది.