ముక్కూ మొహం తెలియని మనిషి

ఆ రోజు ఇంట్లో ఉన్నది అన్నయ్య, అమ్మ, పిన్ని కూతురు, నేను. నాన్న పనికి వెళ్లారు. పిన్ని కూతురు నాకంటే కొంచెం పెద్దది, అక్కా అంటాను. పట్నంలో చదువు. వచ్చిన దగ్గర్నుంచి అన్నయ్య తన మాటలకే పగలబడి నవ్వుతున్నాడు.

అన్నయ్య ఫోన్‌తో షార్ట్ ఫిల్మ్ తీస్తున్నాడు. వానలో ముక్కూ మొహం తెలియని మనిషి ఒంటరిగా వచ్చి తలుపు కొడుతుంది. లోపలి అమ్మాయి భయపడుతూనే తీసి, పక్కకు జరిగి, ఆమెను రానిస్తుంది. ఆమె ఎవరో చివరిదాకా చెప్పరు. ఆ మనిషిని పుట్టించింది నేను. గిన్నెలు తోముతూ అన్నయ్యకు చెప్పాను. ఎలా నడుస్తుందో, తలుపు ఎంత నెమ్మదిగా కొడుతుందో నాకే తెలుసు.

ఆ వేషం నువ్వే వెయ్యి అన్నాడు అన్నయ్య. నాకెందుకులే అన్నాను. ఇంకో ముద్ద వేసుకోమన్నా మొదట వద్దనే అంటాం కదా, అలాగే ఇంకోసారి అడుగుతాడనుకున్నాను. ఈలోగా అక్క నేను వేస్తా అనేసింది. నాకు లోపలి అమ్మాయి మిగిలింది.

అమ్మ డాబా మీద నుంచి మొక్కలకు పోసే డబ్బాతో వాన కురిపిస్తోంది, చేతులు లాగుతున్నాయి, త్వరగా కానివ్వండర్రా అని గొణుగుతూ. కింద నాన్న రెయిన్‌కోటులో అక్క. నిజం చెప్పాలంటే బాగానే ఉంది. అదే నా కడుపుమంట.

తలుపు కొట్టింది. గడియ మీద చెయ్యి పెట్టాను కానీ తియ్యలేదు. మళ్లీ కొట్టింది. అన్నయ్య కళ్లతోనే తియ్యమన్నాడు. బయట అక్క తుమ్మింది.

"ఏమైందే నీకు?" అన్నాడు అన్నయ్య.

"ఆ వేషం నాది."

మెల్లగానే అన్నాను. అయినా అవతలికి వినిపించింది. అన్నయ్యే గడియ తీశాడు. అక్క లోపలికొచ్చి కోటు విప్పి నా చేతిలో పడేసింది.

"ఆ ముక్క ముందే అనుంటే నేనిలా తడిసి ముద్దయ్యేదాన్నా, తల్లీ?"

అన్నయ్య తల గోక్కుని, వెలుతురు పోతోంది, ఇద్దరూ మారండి అన్నాడు.

కోటు చల్లగా ఒంటికి అంటుకుంది. బయట నిలబడ్డాను. కింద మనిషి మారిందని చూసుకోకుండానే అమ్మ నీళ్లు వంచింది. నేను అనుకున్నంత నెమ్మదిగా తలుపు కొట్టాను.

అక్క తీసింది. జుట్టులోంచి ఇంకా నీళ్లు కారుతున్నాయి. ఇప్పుడు పక్కకు జరగాలి. తన భుజం వెనక అన్నయ్య, ఫోన్ నా మీదే పెట్టి, అక్కకంటే ఇదే అదరగొడుతోంది అని తనలో తను అనుకుంటున్నట్టు అన్నాడు. అది నాకూ వినిపించింది, అక్కకూ వినిపించింది.

అక్క జరగలేదు. నన్ను కింది నుంచి పైదాకా ఒకసారి చూసి, నా మొహం మీదే తలుపు వేసేసింది.