మంట వైపు తిప్పి పెట్టిన చెక్కబూట్లు

మాల్‌ప్లాకే యుద్ధం గురించి ఈ చుట్టుపక్కల నాకంటే బాగా తెలిసినవాడు లేడు. ఎందుకంటే నేను చూశాను. సార్ అనే అడవి అంచున ఉండే బీచ్ జాతి చెట్టు చిటారుకొమ్మన కూర్చుని, పొద్దుటి పొగమంచు దగ్గర్నుంచి సాయంత్రం కాకులు దిగేదాకా ఈ రెండు కళ్లతోనే చూశాను. మంచు ఎంత దట్టంగా ఉందంటే, నా టోపీ తీసి దానికి తగిలిస్తే మధ్యాహ్నం దాకా కింద పడలేదు. ఫిరంగుల మోతకి మా కోళ్లు ఉడికిన గుడ్లే పెట్టాయి. నమ్మనివాళ్లు లేచి వెళ్లి బీరు తెచ్చుకోండి. ఈలోగా మిగిలినవాళ్లకి చెబుతాను.

ఆ ఏడు చలి సంగతి ముందు చెప్పాలి. చలికి చెట్లు తుపాకులు పేలినట్టు పగిలాయి. గోధుమ మొలక నేలలోనే చచ్చింది. వసంతం రాగానే ఆ చేలు మళ్లీ దున్ని బార్లీ చల్లారు గానీ, అది కోతకొచ్చేదాకా తినేదేమిటి? మా ఊరివాళ్లు అడవిలో వేళ్లు తవ్వి, ఎండబెట్టి, దంచి రొట్టె చేశారు. మా అమ్మమ్మ ఆల్డెగోండ్ ఆ రొట్టె ముక్క కొడుకు ముందు పెడితే, వాడు దాన్ని బల్ల మీద కొట్టి చూసి, "అమ్మా, దీనికి తాపీమేస్త్రీ కావాలి, నోరు కాదు" అన్నాడట. వాడే మా మేనమామ గిలేన్. మర్నాడు దండోరా కొట్టుకుంటూ సైన్యంలోకి మనుషుల్ని చేర్చుకునేవాళ్లు వస్తే, వాళ్లతో వెళ్లిపోయాడు.

"ఏ రాజు తరఫునరా?" అని అడిగింది అమ్మమ్మ.

"రొట్టె పెట్టే రాజు తరఫునమ్మా. పేరు దారిలో కనుక్కుంటాను."

"వెటకారం చాలు. బూట్లు విప్పు."

వాడిది పూర్తిగా వెటకారం కాదు. మా సీమ ఒక ఏడు ఫ్రెంచి రాజుది, ఇంకో ఏడు వాళ్ల శత్రువులది. మా భాష మాట్లాడే పటాలాలు రెండు వైపులా ఉండేవి. ఆ దండోరావాళ్లు ఎవరివాళ్లో ఊళ్లో ఒక్కరూ అడగలేదు. వాళ్ల బండిలో రొట్టెలున్నాయా లేదా అనే చూశారు.

బూట్లు విప్పమనడం మా ఊరి ఆచారం. మా ఊళ్లో ప్రతి ఇంటా చెక్కబూట్లు చెక్కేవాళ్లే. సైన్యానికి పోయేవాడు తన చెక్కబూట్లు ఇంట్లో విడిచి, వట్టి కాళ్లతో గుమ్మం దాటాలి. వాటిని పొయ్యి పక్కన, ముక్కులు మంట వైపు తిప్పి పెడతారు, మనిషి అప్పుడే లోపలికొచ్చి చలి కాచుకుంటున్నట్టు. అతను తిరిగొచ్చి తొడుక్కోవాలి, లేదా వాటితో మట్టిలోకి పోవాలి. ఈ రెండూ జరక్కపోతే అవి అక్కడే ఉంటాయి, ఎవరూ కదపరు. సెర్వే వాళ్లింట్లో తాతల నాటి జత ఒకటుండేది. పురుగు తొలిచి పొడి రాలుతున్నా దాన్ని ఊడ్చేవాళ్లు కాదు. ఆ ఇంటి ముసలామె చలికాలం సాయంత్రాలు వాటితో మాట్లాడేది. "వెనక్కి జరుగు, కాళ్లు కాలతాయి" అనేది. మా అమ్మమ్మ ఆ ఇంటి ముందునుంచి నడవాల్సొస్తే చుట్టు తిరిగి వెళ్లేది.

సెప్టెంబరులో యుద్ధం మా ఊరి మీదికే వచ్చింది. రెండు అడవుల మధ్యనున్న ఖాళీలో ఫ్రెంచివాళ్లు కందకాలు తవ్వి, చెట్లు నరికి అడ్డం పడేసి కూర్చున్నారు. అవతల ఇంగ్లీషువాళ్లు, డచ్చివాళ్లు, జర్మన్లు కూటమి కట్టి వచ్చారు. ఊరు ఊరంతా సున్నపురాయి గోతుల్లో దాక్కుంది. పొగమంచు విడిచాక మొదలైంది. ఏదో పెద్ద గాదె కూలుతూ, కూలడం ఎంతకీ పూర్తికానట్టు వినిపించిందట. మధ్యాహ్నం దాటాక ఫ్రెంచివాళ్లు వరసలు చెదరకుండా వెనక్కి నడిచి వెళ్లిపోయారు. గెలిచినవాళ్లు ఓడినవాళ్లకంటే ఎక్కువమంది మనుషుల్ని పోగొట్టుకున్నారు. ఇది నా కల్పన కాదు. నేను కల్పిస్తే ఇంతకంటే నమ్మేలా కల్పిస్తాను.

ఇక్కడ చిన్న సవరణ ఒకటుంది. చెట్టెక్కి చూశానన్నానే, అప్పటికి నేను పుట్టలేదు. మా అమ్మకి పెళ్లే కాలేదు. ఆ బీచ్ చెట్టుని కూడా యుద్ధానికి ముందే కొట్టి అడ్డుకట్టలో వేశారు. చెట్టు లేకపోతే నేను లేను, నేను లేకపోతే టోపీ లేదు. కోళ్లంటారా, వాటిని చలికాలంలోనే వండుకు తినేశారు. చూసింది మా అమ్మ వోద్రు. అప్పటికి ఇరవై ఏళ్ల పిల్ల. నేను చెబుతున్నదంతా ఆవిడ చెక్క తొలుస్తూ నాకు చెప్పిందే.

మర్నాడు అమ్మమ్మా, మా అమ్మా, అమ్మమ్మ తమ్ముడు నికేజూ ఒంటిచక్రం బండి తోసుకుంటూ బయల్దేరారు. గిలేన్ అక్కడున్నాడని ఎవరూ చెప్పలేదు. లేడని కూడా ఎవరూ చెప్పలేదు.

"అక్కా, వాడు ఇంకెక్కడో వంట బండి పక్కన కూర్చుని తింటూ ఉంటాడు. వాడి సంగతి నీకు తెలీదూ?" అన్నాడు నికేజ్.

"అలా అయితే బండి ఖాళీగా తిరిగొస్తుంది. నీకేం బరువు? తొయ్యి."

అడవి అంచున మొదట కనిపించింది రొట్టె. ఫ్రెంచి సైనికులకి తిండి కరువై, సరిగ్గా ఆ పొద్దునే రొట్టెలు పంచారట. శత్రువు కదిలాడనగానే చేతులు ఖాళీ చేసుకోవడానికి వాటిని విసిరేసి తుపాకులు పట్టారు. నెలల తరబడి వేళ్లు తిన్న మా ఊరివాళ్లు ఆ తెల్ల రొట్టెలు ఏరుకుంటూ, ఏరుకుంటూ శవాల మధ్యకి వెళ్లిపోయారు. మా అమ్మ కూడా ఒకటి తీసింది. సగం కొరికాక గాని తను ఎక్కడ నిలబడి నములుతోందో తెలియలేదట. ఉమ్మలేక, మింగలేక, చివరికి మింగింది.

శవాల మీద నూలుపోగు లేదు. దోచుకునేవాళ్లు ఎర్రకోటు, తెల్లకోటు, నీలంకోటు అన్నీ ఒలుచుకుపోయారు. ఒక గోయి దగ్గర పారలు పట్టుకున్న సైనికుల్లో ఒకడు మా భాషవాడే.

"ఎవరికోసం పెద్దమ్మా? మావాడా, వాళ్లవాడా?"

"నావాడు," అంది అమ్మమ్మ.

అతను పార నేలలో గుచ్చాడు. "పొద్దుగూకేలోగా చూసుకో. తర్వాత అందర్నీ కలిపి పూడ్చేస్తాం," అన్నాడు.

మొహాలు గుర్తుపట్టే స్థితిలో లేవు. అమ్మమ్మ మొహాలు చూడటం మానేసి పాదాలు చూస్తూ నడిచింది. చిన్ననాటి నుంచి చెక్కబూటు తొడిగినవాడి పాదం పైన, చెక్క అంచు ఒరుసుకున్నచోట, గట్టిగా కాయ కాస్తుంది. ఆ కాయ లోకంలో మా ఊరివాళ్లకే ఉంటుందని మా వాళ్ల గట్టి నమ్మకం. బయటి జనమంతా తోలు తొడుక్కుని తిరుగుతారనుకునేవాళ్లు. ఎక్కడెక్కడో బీద పల్లెల్లో కూడా ఆడా మగా చెక్కలోనే నడుస్తారని మా ఊళ్లో ఎవరికి తెలుసు? సంతకి తప్ప ఊరు దాటినవాళ్లం కాదు.

ఎండ వాలుతుండగా, నరికిన చెట్టు కింద, ఆ కాయలున్న పాదాలు రెండు కనిపించాయి. అమ్మమ్మ అక్కడే కూలబడి వాటిని ఒళ్లోకి తీసుకుంది.

"వీడే. నా బిడ్డే."

నికేజ్ వంగి, ఎవరి కాలు చూసినా చేసేట్టే, అలవాటుగా మడమ నుంచి బొటనవేలి దాకా జానతో కొలిచాడు. గిలేన్ వేసుకున్న ప్రతి జతా ఆ చెయ్యి చెక్కిందే.

"అక్కా..." అన్నాడు.

"బండి ఇటు తిప్పు, నికేజూ."

"అక్కా, ఒక్కమాట."

"చీకటి పడుతోంది. వాళ్లు పారలు తీసుకొస్తున్నారు. బండి తిప్పమంటున్నానా?"

నికేజ్ బండి తిప్పాడు.

ఇంట్లో శవాన్ని కడిగి బల్ల మీద పడుకోబెట్టారు. ఊరంతా వచ్చి గోడలకి ఆనుకుని నిలబడింది. పొయ్యి పక్కనున్న చెక్కబూట్లని అమ్మమ్మ వసంతం తర్వాత మొదటిసారి ముట్టుకుని తెచ్చి తొడిగింది. గూట్లోకి పిట్ట దూరినట్టు పాదాలు వాటిల్లోకి అమరిపోయాయి. చర్చి ఫాదరుగారు చూసి, "మీవాడేనా, ఆల్డెగోండ్?" అని అడిగారు.

"చూస్తున్నారుగా, ఫాదర్."

ఆయన మరి అడగలేదు. చర్చి శ్మశానం గోడ అవతల గోతిలో పడాల్సినవాణ్ణి గోడ ఇవతల, మా తాత పక్కన, గంట కొట్టి పూడ్చారు. మా అమ్మమ్మ ఆ రాత్రి పొయ్యి చుట్టూ శుభ్రంగా ఊడ్చి పడుకుంది. సెర్వే వాళ్లింటి ముందునుంచి తర్వాతెప్పుడూ చుట్టు తిరిగి వెళ్లలేదు. ఆ ముసలామెకి ఏడాదికోసారి రొట్టె కూడా ఇచ్చి వచ్చేది.

మా మామ గిలేన్ తిరిగి రాలేదు. ఏ వైపున పోయాడో, అసలు ఆ యుద్ధంలో ఉన్నాడో లేడో ఈనాటికీ తెలియదు. వచ్చి ఉంటే ఈ కథ నేను వేరేగా, తాగడానికి అనువుగా చెప్పేవాణ్ణి.

నాకు బుద్ధి తెలిశాక, చనిపోయినవాళ్ల పండగనాడు అమ్మమ్మ వేలు పట్టుకుని సమాధికి వెళ్లేవాణ్ణి. తాతకి ఒక కొవ్వొత్తి పెట్టేది. పక్క సమాధి మీద రెండు పెట్టేది.

"ఇక్కడ రెండెందుకు అమ్మమ్మా?"

"ఒకటి గిలేన్‌కి."

"రెండోది?"

"ఇందులో ఉన్నవాడికి. వాళ్లమ్మ ఎక్కడుందో, పాపం. ఎదురు చూస్తూ ఉంటుంది."

అందుకే ఇప్పుడు ఒక సంగతి ఒప్పుకోవాలి. రొట్టెల మాట నిజం, ఆ పారవాడి మాట నిజం, కొవ్వొత్తులు నేను కళ్లారా చూసినవి. గూట్లోకి పిట్ట దూరినట్టు బూట్లు సరిపోయాయన్నానే, అది నేను పుట్టించిన మాట. సరిపోలేదు. మడమ రెండు వేళ్ల మేర బయటే ఉండిపోయింది. గదిలో ప్రతి ఒక్కరూ చూశారు, ఫాదరుగారు కూడా. అప్పుడు నికేజ్ బూట్లు రెండూ తీసుకుని, మోకాళ్ల మధ్య ఇరికించుకుని, వంకర ఉలితో లోపల తొలవడం మొదలుపెట్టాడు. "మంట పక్కనుండి చెక్క బిగిసిందక్కా," అన్నాడు. "అవును, బిగిసింది," అంది అమ్మమ్మ. పాదం పట్టేదాకా తొలుస్తూనే ఉన్నాడు. చెక్కపొట్టు నేలంతా రాలింది. ఆ రాత్రి ఆవిడ పొయ్యి చుట్టూ ఊడ్చింది దాన్నే.