బాగుచేసిన వల

1998 ఆగస్టు 20, గురువారం. రాత్రి మిగిలిన అన్నంలో పెరుగు కలుపుకుని, ఉల్లిపాయ నంజుకుని తిన్నాను. నా భార్య ఇందిర పోయిన ఈ మూడేళ్ళలో నా పొద్దుటి తిండి అదే. చెయ్యి కడుక్కుంటుంటే గాలయ్య కనిపించాడు. భుజం మీద వలతో గేటు బయటే నిలబడి ఉన్నాడు.

తూంకుంట అవతల మా ఊరి చెరువులో చేపలు పట్టే కుటుంబం అతనిది. ఆ చెరువు అంచున మట్టి పోయించి ప్లాట్లు చేస్తున్నాడు జనార్ధన్. నాకు ఈ ఇంటి స్థలం అమ్మింది కూడా ఆయనే. ముందురోజు సాయంత్రం ఆయన మనుషులు, ఇక చెరువులో దిగొద్దని గాలయ్య వలను కత్తులతో కోశారు. అడ్డం వెళ్ళిన భార్య సత్తమ్మను గడ్డపారతో కొట్టారు. ముంజేతి ఎముక విరిగిందని శామీర్‌పేట ఆస్పత్రిలో చీటీ రాసిచ్చి, కట్టు కట్టి పంపారు.

నేను ఫిర్యాదు రాసి గాలయ్యను స్టేషన్‌కు తీసుకెళ్ళాను. ముప్పై ఏళ్ళు కాలేజీలో పాఠాలు చెప్పినవాణ్ణి. రాసిస్తే తీసుకుంటారనే అనుకున్నాను.

ఎస్సై అగ్గిపుల్లతో పళ్ళు కుట్టుకుంటున్నాడు. కాగితం చదవకుండానే దాని మీద టీ గ్లాసు పెట్టాడు. మరక సరిగ్గా సత్తమ్మ పేరు మీద పడింది. వల చూపించమంటే గాలయ్య నేల మీద పరిచాడు.

"యాడ గోసిన్రు రా? మంచిగనే ఉంది గద."

నాకూ అప్పుడే తెలిసింది. సత్తమ్మ నొప్పితో మూలుగుతుంటే, పక్కన కూర్చుని తెల్లవార్లూ తెగిన ప్రతి కన్నూ అల్లేశాడు గాలయ్య. తెగిన వల ఎదురుగా ఉంటే చేపలు పట్టేవాళ్ళ చేతులు ఊరుకోవు. అది సాక్ష్యమని అతనికి తోచలేదు, చెప్పాలని నాకూ తోచలేదు.

చేతి సంగతి చూడమని ఆస్పత్రి చీటీ ముందుకు జరిపాను. జారిపడి ఉంటుందన్నాడు. ఫోన్ చేసి జనార్ధన్‌ను పిలిపించాడు. ఆయనకు కుర్చీ వేశారు, బిస్కెట్లు తెప్పించారు. ఊళ్ళో కూర్చుని మాట్లాడుకోమని మాకు చెప్పారు. బల్ల మీద రాలిన బిస్కెట్ పొడిని ఎస్సై మా ఫిర్యాదుతోనే తుడిచి, ఉండచుట్టి బుట్టలో వేశాడు.

బయటికొచ్చి గోడ పక్కన తిన్నదంతా కక్కుకున్నాను. లింగస్వామి అనే కానిస్టేబుల్ తన సీసాలోని నీళ్ళు నా చేతుల్లో పోశాడు. ఇటూ అటూ చూసి మెల్లగా అన్నాడు: "మల్ల రాసి ఎస్పీ సాబ్‌కు రిజిస్టర్ పోస్టు జెయ్యి సారు. రసీదు మాత్రం పారెయ్యకు."

అలాగే చేశాను. ముట్టినట్టు కార్డు వచ్చింది. ఆ ఫిర్యాదు మాత్రం తిరిగి తిరిగి అదే ఎస్సై బల్ల మీదికి చేరింది. అతను గాలయ్యను పిలిపించి, పొద్దున్నుంచి సాయంత్రం దాకా గోడకు నిలబెట్టి, నన్ను దాటి పైవాళ్ళ దగ్గరికి పోతావా అని అడుగుతూ నవ్వాడట. ఆ మాట విన్నాక కార్డు తీసుకుని కోర్టు దారి పట్టాను.

మేడ్చల్‌లో చలపతిరావు అనే ముసలి వకీలు ఆ కార్డును కళ్ళజోడు తీసి మరీ చూశాడు. స్టేషన్‌లో తీసుకోలేదు, ఎస్పీకి రాసినా కదలలేదు, ఇక కేసు కట్టమని పోలీసులకు చెప్పే అధికారం మేజిస్ట్రేటుకుంది, ఈ కార్డే మన బలం అన్నాడు. పిటిషన్ వేశాం. పిలుపు వచ్చేదాకా బంట్రోతు సత్తమ్మను తన స్టూలు మీద కూర్చోబెట్టాడు.

మేజిస్ట్రేటు గాలయ్యను వల సంగతే అడిగాడు. తెగినదాన్ని తెగినట్టే తేక ఎందుకు బాగుచేశావన్నాడు.

"తెగిన వల ఇంట్ల వెట్కొని ఎట్ల పండాలె సార్? తెల్లారి నీళ్ళల్ల దిగాలె గద."

ఆయన ఆస్పత్రి చీటీ తీసి రెండుసార్లు చదివాడు. కేసు నమోదు చేసి దర్యాప్తు చేయమని ఆర్డరు వేశాడు.

డిసెంబరులో ఆ ఎస్సై చేత్తోనే ఎఫ్ఐఆర్ రాయించుకున్నాం. నాలుగు నెలలు చెయ్యని పని అరగంటలో అయింది. "గింతదానికి కోర్టు దాంక పోవాల్నా పెద్దమనిషీ, నాకు చెప్తే అయిపోవు గద" అన్నాడు నాతో. నకలు గాలయ్యకు ఇచ్చేటప్పుడు, చేపల వాసన అంటుతుందేమోనన్నట్టు రెండు వేళ్ళతో అంచు పట్టుకుని ఇచ్చాడు.

ఆ సాయంత్రమే జనార్ధన్ మా ఇంటికి వచ్చాడు. నోటినిండా పాన్.

"సార్, గా ముసలోడు మీ మాట ఇంటడు. రాజీకి రమ్మని ఒక్క మాట చెప్పుండ్రి. మీ గల్లీకి సీసీ రోడ్డు ఏపిస్త."

గాలయ్యనే అడగలేకపోయారా అన్నాను.

"అడిగిన. సత్తమ్మ బయటికొచ్చి వంకరవోయిన చెయ్యి సూపెట్టింది. గిది సక్కగయితదా పటేలా అంటది. నేనేమన్న డాక్టర్నా సార్?" అంటూ నవ్వాడు.

ఎర్రటి ఆ నోట్లోకి చూశాను. ఈ మనిషి పోయించిన మట్టి మీదే కదా నేను ఇల్లు కట్టుకున్నది అనిపించింది.

"నేను చెప్పను జనార్ధన్ గారూ. చీకటి పడుతోంది, జాగ్రత్తగా వెళ్ళండి."

ఆయన కాలు ఇంకా గడప మీదే ఉంది. తీసేదాకా ఆగాను. తీశాక, చప్పుడు కాకుండా తలుపు వేసి గడియ పెట్టాను.