పిట్టగోడ మీద పిల్ల

పాత వీడియో క్యాసెట్లను కంప్యూటర్లోకి ఎక్కించడం ఆమె పని. పొద్దున్నే షాపు తీసి, స్పిరిట్ అద్దిన దూదితో ప్లేయరు లోపల తుడిచి, ఎవరెవరివో పెళ్ళిళ్ళూ పుట్టినరోజులూ వరసగా పెడుతుంది. ఆ రోజు లిఫ్టు మెకానిక్ మామయ్య వచ్చి, బల్ల మీద ఒక క్యాసెట్ పెట్టాడు. మామయ్యంటే చుట్టమేం కాదు. ఆమె నాన్న తీసిన ఒకే ఒక్క సినిమాలో హీరో.

"అటక మీద దొరికిందమ్మా. బూజు పట్టింది. అవతల పారేయమంటోంది మీ అత్తయ్య."

ఆమె దాన్ని ముట్టుకోలేదు. కర్టెన్ గుడ్డ భుజాలకి కట్టుకుని గాల్లో ఎగిరే వీరుడి కథ అది. చివరి సీన్లో ఎనిమిదేళ్ళ పిల్ల పోర్టికో పిట్టగోడ మీంచి దూకాలి, వీరుడు పట్టుకోవాలి. కింద పరుపులు పరిచినా ఆ పిల్ల దూకలేదు. ఏడ్చి గోల చేసింది. ఈలోగా వెలుతురు పోయింది. మర్నాడు నిర్మాత చేతులెత్తేశాడు. సినిమా విడుదల కాలేదు. నాన్న రంగుల కొట్టు పెట్టుకుని, పోయేదాకా మళ్ళీ సినిమా ఊసెత్తలేదు. ఆ పిల్ల ఈమే.

"ఇదొక్కటే కాపీ. ఇదీ పోతే, మేం సినిమా తీశామంటే ఎవరూ నమ్మరు," అన్నాడు మామయ్య.

రెండు రోజులు కూర్చుని బూజంతా తుడిచి ఆన్‌లైన్లో పెట్టింది. గంటా పదకొండు నిమిషాలు. ఆఖర్న పిల్ల గోడ మీద నిలబడి ఉంటుంది, కింద వీరుడు చేతులు చాచి ఉంటాడు. అంతే.

మొదటి వారం నలభై మంది చూశారు. సినిమా నాలుగు సెకన్లు పెరిగింది. ఆమె వీడియో కింద రాసిన నిడివి దిద్దింది. పదిమంది చూస్తే ఒక సెకనన్నమాట. చూసినవాళ్ళు కింద రాసేవారు: "ఇవాళ పాప ముక్కు తుడుచుకుంది." "మా ఆఫీసంతా చూశాం, ఇంకా దూకదేం?" "హీరోగారికి చేతులు లాగుతుంటాయి, నలుగురికీ చెప్పండి."

మామయ్య పని మధ్యలో వచ్చి, స్టూలు మీద కూర్చునేవాడు. "దూకుతావంటావా?"

"నాకు మాత్రం ఏం తెలుసు మామయ్యా!"

చూసినవాళ్ళు వెయ్యిమంది దాటిన రోజు పిల్ల కదిలింది. దూకలేదు. గోడ వెనక్కి దిగి కూలబడింది. కెమెరా వెనకనుంచి ఒక గొంతు వినపడింది.

"ఏడవకు తల్లీ, కిందికి వచ్చెయ్. సినిమాదేముంది, పోతే పోనీ. ఈ పూటకి చాలు, సర్దేయండ్రా."

నాన్న గొంతు. అందులో కోపం లేదు, విసుగూ లేదు. ఆమె వెనక్కి తిప్పి మూడుసార్లు విని, స్టూలు మీదున్న మామయ్య వైపు తిరిగింది.

"నాన్న నిజంగా అలా అన్నాడా?"

"అన్నాడుగా! నీ ఏడుపులో నీకే వినపడలేదు."

"నావల్లే సినిమా ఆగిపోయిందని..."

"నీవల్లా? నిర్మాత అంతకు వారం ముందే తప్పుకున్నాడు. ఆ కబురు మాకు మర్నాడు చేరింది. నీకు తెలుసనే అనుకున్నాను."

"ముప్పై రెండేళ్ళు మామయ్యా..."

"ఒక్క మాట అడగొచ్చుగా, పిచ్చిపిల్లా."

ఆపైన ఎంతమంది చూసినా సినిమా పెరగలేదు. ఆమె మాత్రం షాపుకి ఒకరోజు సెలవు పెట్టి, మంచి కెమెరా ఒకటి కొనుక్కొచ్చి, మామయ్యకి ఫోన్ చేసింది.

"నా దగ్గరో కథ ఉంది. హీరోగా చేస్తారా?"

"ఎగరాలా?"

"అక్కర్లేదు, నడిస్తే చాలు."

మామయ్య గొంతు సవరించుకున్నాడు.

"అయితే నా డేట్లు చూసుకుని చెప్తాను."